ఫ్రెంచి సినిమాకు కెమెరా పట్టాలంటే: మీ ప్రశ్నలు, మా జవాబులు

ఫ్రెంచి సినిమాల్లో ఛాయాగ్రాహకుడి ఉద్యోగం గురించి పాఠకుల నుంచి చాలా ఉత్తరాలు వచ్చాయి. ఒకేలా ఉన్న ప్రశ్నలను కలిపేశాం. పేర్లు వెయ్యొద్దని కొందరు కోరారు కాబట్టి అందరికీ పేటల పేర్లే వేస్తున్నాం.

ప్రశ్న: నాలుగేళ్లుగా తెలుగు సినిమాలకు ఫోకస్ పుల్లర్‌గా (షాట్ నడుస్తుండగా ఫోకస్ సరిచేసే అసిస్టెంటుగా) చేస్తున్నాను. వయసు 25, డిగ్రీ అయింది. ఫ్రెంచి సినిమాల్లో డి.ఓ.పి. (ఛాయాగ్రాహకుడు) కావాలని కోరిక. ఏ స్కూల్లో చేరాలి? ఎక్కడ మొదలుపెట్టాలి?
– కెమెరా అసిస్టెంట్, కృష్ణానగర్

జవాబు: ముందు మీ వయసు సంగతి చూద్దాం, మిగతావన్నీ దాని తర్వాతే. సినిమాటోగ్రఫీకి ఫ్రాన్సులో పేరున్న ప్రభుత్వ బడులు రెండు. ఒకటి పారిస్ పద్దెనిమిదో వార్డులో, పాత పతే స్టూడియో ఆవరణలో ఉన్న లా ఫెమిస్. 1943లో పుట్టిన ఇదెక్ అనే పాత సినిమా బడి స్థానంలో 1986లో ఇది వచ్చింది. రెండోది 1926 నాటి లూయీ ల్యుమియేర్ కళాశాల, పారిస్ శివారు సాఁ దెనీలో ఉంది. రెండింటికీ పోటీ పరీక్షలుంటాయి, వయోపరిమితి కూడా ఉంటుంది. ఇరవై ఆరు, ఇరవై ఏడు దగ్గర తలుపు మూసుకుంటుంది. ఏ తేదీకి ఎన్నేళ్లు నిండకూడదో ఆ ఏటి ప్రకటన తెరిచి చూసుకోండి, తెలిసినవాళ్ల మాట నమ్మొద్దు.

చదువు అర్హతకు మీ డిగ్రీ చాలు. ఇంటర్ తర్వాత రెండేళ్ల చదువుంటే రెండు చోట్లా సరిపోతుంది. చిక్కంతా భాషతోనే. పరీక్ష ఫ్రెంచిలో, ఇంటర్వ్యూ ఫ్రెంచిలో, తర్వాత పాఠాలూ ఫ్రెంచిలోనే. బి2 స్థాయి, అంటే ధారాళంగా మాట్లాడి అర్థం చేసుకునే స్థాయి, లేకుండా వెళ్తే క్లాసులో మూగవాడిలా కూర్చోవాల్సి వస్తుంది. అక్షరాలతో మొదలుపెట్టి బి2 చేరడానికి సుమారు 600 గంటల బోధన కావాలి. వారానికి ఆరు గంటల వీకెండ్ బ్యాచ్‌లో చేరితే రెండేళ్లు పడుతుంది, ఈలోపు మీకు 27 వస్తాయి. రోజుకు మూడు గంటలు, వారానికి అయిదు రోజులు పెట్టుకుంటే 40 వారాల్లో అయిపోతుంది. అంటే ఒక ఏడాది షూటింగులు తగ్గించుకోవాలి. మన హైదరాబాద్‌లో ఫ్రెంచి నేర్పే అలియాన్స్ ఫ్రాంసేజ్ ఉంది, తార్నాకలో భాషల విశ్వవిద్యాలయం ఇఫ్లూ ఉంది. సినిమా ఫ్రెంచి విడిగా ఎవరూ నేర్పరు, అక్కర్లేదు కూడా. మామూలు ఫ్రెంచి వస్తే సెట్ ఫ్రెంచి రెండు వారాల్లో పట్టుబడుతుంది.

రెండు బడుల్లో ఏదంటే, మీలాంటి చేతిపని తెలిసినవాళ్లకు లూయీ ల్యుమియేర్ నప్పుతుందని మా అభిప్రాయం. అక్కడ ఆప్టిక్స్, సెన్సర్, ల్యాబ్ గట్టిగా చెప్తారు. కోర్సు మూడేళ్లు, సినిమా శాఖలో ఏడాదికి 16 మంది. ఫెమిస్‌లో నాలుగేళ్లు. సినిమాటోగ్రఫీలో సీట్లు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. ఫెమిస్ మొదటి దశలో ఒక పరిశోధన ఫైలు అడుగుతారు. వాళ్లిచ్చిన అంశాల్లోంచి ఒకటి ఎంచుకుని, దాన్ని మనుషుల మధ్యకు తీసుకెళ్లి, చూసింది రాసి, ఫొటోలు జోడించి పంపాలి. మనవాళ్లు తప్పటడుగు వేసేది ఇక్కడే. డ్రోన్ షాట్లు, పాటలో స్లో మోషన్, ఫైట్ కట్‌లు కలిపి షోరీల్ చేసి, ఆ ధోరణిలోనే ఫైలు కూడా తయారుచేస్తారు. వాళ్లకు కావలసింది వేరు: ఆ మనిషిని మీరు అక్కడే నిలబడి ఎందుకు చూశారు, రెండడుగులు పక్కకి ఎందుకు జరగలేదు? మోండా మార్కెట్‌లో తమలపాకుల దుకాణం ఒక్కటి తీసుకుని, ఉదయం ఆరింటికి, పదింటికి, సాయంత్రం లైట్లు వేశాక ఒకే చోట నుంచి తీసిన పన్నెండు ఫొటోలు పంపినా ఆ షోరీల్ కన్నా మేలు.

పారిస్ కుదరకపోతే బ్రస్సెల్స్‌లో ఇన్సాస్ ఉంది, 1962 నుంచి నడుస్తున్న ప్రభుత్వ బడి. బెల్జియంలో ఫ్రెంచి సినిమా పరిశ్రమ చిన్నదే అయినా పారిస్ నిర్మాతలతో రోజూ కలిసి పనిచేస్తుంది.

వయసు దాటిపోతే కూడా దారి లేకపోలేదు. పారిస్ 8 లాంటి విశ్వవిద్యాలయాల సినిమా మాస్టర్స్‌కు ఇలాంటి వయోపరిమితి లేదు. అక్కడ కెమెరా నేర్పేది తక్కువ, థియరీ ఎక్కువ. అయినా విద్యార్థి హోదా వస్తుంది, దాంతో ఏడాదికి 964 గంటలు జీతానికి పనిచేయొచ్చు. పైగా కాలేజీ ఇచ్చే స్టాజ్ (ఇంటర్న్‌షిప్) ఒప్పందపత్రం లేకపోతే ఏ నిర్మాతా మిమ్మల్ని సెట్లోకి రానివ్వడు. ఆ కాగితం విలువ డిగ్రీ కన్నా తక్కువేం కాదు. సీటు వచ్చాక, విదేశీ విద్యార్థుల కోసం ఫ్రాన్సు ప్రభుత్వం నడిపే క్యాంపస్ ఫ్రాన్స్ ద్వారా ఫైలు, ఆ తర్వాత ఇంటర్వ్యూ, అదయ్యాకే వీసా.

ఒకటి ముందే తెలుసుకోండి: మీ నాలుగేళ్ల ఫోకస్ అనుభవం అక్కడ ఒక మెట్టు కిందికి దిగుతుంది. రెండో అసిస్టెంటుగా, అంటే క్లాప్, కార్డులు, లెన్స్ పెట్టెలు మోసే పనితో మొదలవుతారు. తర్వాత మొదటి అసిస్టెంటు, ఆపైన కాద్రర్, అంటే మన ఆపరేటివ్ కెమెరామన్. చివరిది షెఫ్ ఆపరేటర్ కుర్చీ, అంటే మీరు కోరుకునే డి.ఓ.పి. పని. చిన్న సినిమాల్లో షెఫ్ ఆపరేటరే కెమెరా పట్టుకుంటాడు కాబట్టి కాద్రర్ మెట్టు చాలామందికి తగలదు.

ప్రశ్న: ఫ్రెంచి యూనిట్ ఏదైనా హైదరాబాద్ వస్తే లోకల్ టీమ్‌లో చేరాలనుంది. సెట్లో ఏం మాటలు వాడతారు? ఏమైనా జాగ్రత్తలున్నాయా?
– లైట్ యూనిట్ సభ్యుడు, యూసుఫ్‌గూడ

జవాబు: గాఫర్‌ని, అంటే లైట్ల బృందం పెద్దను, షెఫ్ ఎలెక్ట్రీసియాఁ అంటారు. ట్రాలీలు, స్టాండ్లు చూసుకునే గ్రిప్‌ని మషినీస్త్ అంటారు. లైట్ ఏదైనా సరే యాసలో గామెల్. ఆ మాటకు అసలు అర్థం టిఫిన్ డబ్బా. 800 వాట్ల ఓపెన్ ఫేస్ లైట్ మాందరీన్, అంటే నారింజ. రెండు కిలోవాట్లది బ్లోంద్. వెలుగుకు అడ్డం పెట్టే కట్టర్‌ని ద్రాపో, అంటే జెండా అంటారు. నల్ల బట్ట బొర్నియోల్. చావు ఇళ్లకు నల్ల తెరలు కట్టే పాతకాలపు కంపెనీ పేరు అలా సెట్ మీదికి వచ్చి స్థిరపడిపోయింది. తాడును మాత్రం కోర్ద్ అనకండి. నాటకరంగం నుంచి వచ్చిన పట్టింపు అది. అంటే మీదే ఆ రోజు టీ ఖర్చు.

కెమెరా విభాగంలో అసలు ప్రమాదం అంకెలది. 75 ఎం.ఎం. లెన్స్ అడిగితే స్వసాంత్ కేంజ్ అంటారు, అంటే అరవై-పదిహేను. మొదటి మాట విని 60 కోసం పెట్టె తెరిచారో, షాట్ ఆగిపోతుంది. 85 అంటే నాలుగు-ఇరవైలు-అయిదు. 95 అంటే నాలుగు-ఇరవైలు-పదిహేను. బెల్జియం వాళ్లయితే డెబ్భైకి సెప్తాంత్, తొంభైకి నొనాంత్ అని సూటిగా చెప్తారు. ప్రాణం హాయిగా ఉంటుంది.

రెండోది కొలత. మన ఫోకస్ పుల్లర్లందరూ అడుగులూ అంగుళాలే. వాళ్లు మీటర్లు. అయిదడుగులు అంటే 1.52 మీటర్లు, ఏడంటే 2.13, పదంటే 3.05. "ఏడడుగులు అంటే రెండు మీటర్లే కదా" అని గుండ్రంగా అనుకుంటే ఏమవుతుందో చూడండి. సూపర్ 35 సెన్సర్ మీద 50 ఎం.ఎం. లెన్స్, దాని రంధ్రం టి2కి తెరిచి ఉంది, మనిషి రెండు మీటర్ల దూరంలో. ఫోకస్‌లో ఉండే లోతు ముందూ వెనకా కలిపి సుమారు 16 సెంటీమీటర్లే, అంటే ఒక పక్కకు ఎనిమిది. మీరు 13 సెంటీమీటర్లు తప్పారు. కన్ను మెత్తబడి చెవి స్పష్టంగా పడుతుంది. మీటర్ల రింగు ఉన్న లెన్స్ అడిగి తీసుకోండి, మీటర్ల టేపు జేబులో పెట్టుకోండి. తలలో లెక్కలు కట్టకండి.

ప్రశ్న: ఏ కెమెరా కొనుక్కుంటే ఉపయోగం?
– పాఠకుడు, దిల్‌సుఖ్‌నగర్

జవాబు: ఏదీ వద్దు. ఆ డబ్బుతో ఫ్రెంచి క్లాసుకు ఫీజు కట్టి, మిగిలితే ఒక మంచి లైట్ మీటర్ కొనండి. కెమెరా అద్దెకు దొరుకుతుంది.

ప్రశ్న: ఫ్రెంచి సినిమాల్లో లైటింగ్ లేనట్టే ఉంటుంది. అయినా బాగుంటుంది. మేం లైట్ వెయ్యకుండా తీస్తే దరిద్రంగా వస్తుంది. తేడా ఎక్కడ? హైదరాబాద్ ఫ్లాట్‌లో ఆ లుక్ తేగలమా? కొలతలతో చెప్పండి.
– షార్ట్ ఫిల్మ్ బృందం, మణికొండ

జవాబు: మంచి ప్రశ్న, కొంచెం పెద్ద జవాబు. తేడాలో సగం కెమెరామన్ చేతిలో లేదు, ఆకాశంలో ఉంది. డిసెంబరు 21న మధ్యాహ్నం హైదరాబాద్‌లో సూర్యుడు 49 డిగ్రీల ఎత్తున ఉంటాడు. అదే రోజు పారిస్‌లో 18 డిగ్రీలు కూడా ఎక్కడు. కిటికీ పైఅంచు నేలకు ఏడడుగుల ఎత్తులో ఉందనుకోండి, కిటికీ దక్షిణం వైపు ఉంది. మన ఇంట్లో ఆ ఎండ గదిలోకి ఆరడుగులు వచ్చి ఆగిపోతుంది. పారిస్ ఇంట్లో ఇరవై రెండు అడుగులు వెళ్లి ఎదుటి గోడనెక్కి కూర్చుంటుంది. మన మధ్యాహ్నపు ఎండ నడినెత్తిన పడి కళ్ల కింద గుంటలు పెడుతుంది. వాళ్ల చలికాలపు ఎండ మనిషి ముఖానికి ఎదురుగా వస్తుంది, మబ్బు పడితే ఆకాశమంతా ఒకే స్కిమ్మర్, అంటే ఎండను మెత్తబరిచే తెల్ల గుడ్డ. సాయంత్రమూ అంతే. మార్చి చివర్లో సూర్యుడు ఆరు డిగ్రీల ఎత్తు నుంచి దిగంతం చేరడానికి ఇక్కడ 25 నిమిషాలు, అక్కడ 36. ఆ పదకొండు నిమిషాలలో వాళ్లు ఇంకో రెండు టేకులు చేసుకుంటారు.

మిగతా సగం మాత్రం నేర్చుకున్నదే. 1960 ప్రాంతంలో ఫ్రెంచి ఛాయాగ్రాహకుడు రావుల్ కుతార్ మామూలు ఇళ్ల గదుల్లో ఫోటోఫ్లడ్ బల్బుల్ని మనుషుల మీదికి కాకుండా సీలింగ్ మీదికి తిప్పి, అక్కడ నుంచి తిరిగొచ్చే వెలుగుతో తీశాడు. నటులు గదిలో ఎక్కడికైనా నడవొచ్చు, లైట్ మార్చక్కర్లేదు. ఇదేదో విదేశీ విద్య అనుకోకండి. అంతకు ముందే, 1956లో విడుదలైన సత్యజిత్ రాయ్ 'అపరాజితో' కోసం ఛాయాగ్రాహకుడు సుబ్రతా మిత్రా స్టూడియోలో కట్టిన కాశీ ఇంటి వాకిలికి పైన తెల్ల గుడ్డ కట్టి, లైట్లు కింది నుంచి దాని మీద కొట్టి, ఆకాశం నుంచి దిగే వెలుగును తెచ్చాడు. కుతార్ తర్వాత వచ్చిన నెస్తోర్ అల్మెంద్రోస్ ఎండను అద్దాలతో మళ్లించి కిటికీలోంచి గదిలోకి పంపేవాడు. అద్దం పద్ధతి చవక, మీరూ చెయ్యొచ్చు. ఒక్కటి గుర్తుంచుకోండి: సూర్యుడు నాలుగు నిమిషాలకు ఒక డిగ్రీ జరుగుతాడు. అద్దం ముప్ఫై అడుగుల దూరంలో ఉంటే గోడ మీది వెలుగు మచ్చ ఆ నాలుగు నిమిషాల్లో ఆరంగుళాలు పక్కకు పోతుంది. అందుకని అద్దం దగ్గర ఒక మనిషి నిలబడే ఉండాలి. టేకుకు టేకుకు మధ్య సరిచేయకపోతే ఎడిటింగ్‌లో ఎండ గోడ మీద గంతులేస్తుంది.

ఇక మీ ఫ్లాట్. పది అడుగులకు పన్నెండు గది అనుకుందాం. కిటికీ ఒక్కటే అసలు వెలుగు, మిగతా అన్నీ ఆర్పేయండి, ట్యూబ్‌లైట్ కూడా. కిటికీ బయట బాల్కనీలో నాలుగడుగులకు నాలుగడుగుల ఫ్రేముకు డిఫ్యూజన్, అంటే వెలుగును మెత్తబరిచే తెర, కట్టండి, బటర్ పేపరైనా ఫరవాలేదు. దాని వెనక ఆరడుగుల దూరంలో 300 వాట్ల ఎల్.ఇ.డి. లైటు, డేలైట్ రంగులో. మనిషిని కిటికీకి అయిదడుగుల దూరంలో, పక్కకు తిరిగేట్టు కూర్చోబెట్టండి. ఐ.ఎస్.ఓ. 800, టి2.8, షట్టర్ యాభయ్యో వంతు అయితే కిటికీ వైపు చెంప మీద మీకు కావలసింది 12 లేదా 13 ఫుట్‌క్యాండిల్సే (వెలుగు కొలత), లక్స్‌లో సుమారు 130. ఎక్కువైతే ఇంకో పొర పేపర్ వెయ్యండి, ఐ.ఎస్.ఓ. తగ్గించకండి. రెండో చెంప మీద మీటర్ 3 ఫుట్‌క్యాండిల్స్ చూపాలి, అంటే రెండు స్టాప్‌లు తక్కువ (ఒక్కో స్టాప్‌కు వెలుగు సగమవుతుంది).

చూపదు. ఎనిమిది చూపిస్తుంది. మన బిల్డర్లు వేసే క్రీమ్ రంగు గోడలు, మెరిసే తెల్ల టైల్స్, తెల్ల సీలింగ్ అన్నీ కలిసి ఆ నీడని నింపేస్తాయి. మీరు లైట్ వెయ్యకుండా తీస్తే చప్పగా వస్తోందనడానికి కారణం ఇదే: లైట్ లేకపోవడం కాదు, అన్ని వైపుల నుంచీ ఉండటం. నీడ వైపు, షాట్‌లో పడకుండా మనిషికి వీలైనంత దగ్గరగా, ఆరు బై ఆరు నల్ల బట్ట వేలాడదియ్యండి. నేల మీద నల్ల దుప్పటి పరవండి. అప్పుడు మీటర్ మూడుకి దిగుతుంది. ఫ్రెంచి వాళ్లు బొర్నియోల్ లారీ నిండా ఎందుకు తెచ్చుకుంటారో అర్థమవుతుంది.

కిటికీ గ్రిల్ ఇంకో ఇబ్బంది. డిఫ్యూజన్ గ్రిల్ బయట ఉంటే దాని నీడ మెత్తగా చెదిరిపోతుంది, లోపల కడితే గ్రిల్ గీతలు పేపర్ మీద పడి కనిపిస్తాయి. సీలింగ్ ఫ్యాన్ ఆపండి, శబ్దం కోసమే కాదు. వెలుగు సీలింగ్‌కు తగిలి తిరిగొస్తుంటే రెక్కలు దాన్ని కోసి, ముఖం మీద సన్నటి మినుకు పుట్టిస్తాయి. మానిటర్ చిన్నదైతే సెట్లో కనపడదు, డి.ఐ.లో, అంటే చివర్లో రంగులు సరిదిద్దేచోట, కనపడుతుంది.

చర్మం రంగు విషయంలో వాళ్ల అంకెల్ని కాపీ కొట్టకండి. తెల్ల చర్మం దాదాపు 36 శాతం వెలుగును తిరిగిస్తుంది, 18 శాతం గ్రే కార్డు (ఎక్స్‌పోజర్ కొలవడానికి వాడే బూడిద రంగు అట్ట) కన్నా ఒక స్టాప్ ఎక్కువ. మన చామనఛాయ గ్రే కార్డుకు కాస్త అటూ ఇటూ. ఫ్రెంచి పుస్తకంలో "ముఖం గ్రే మీద ఒక స్టాప్" అని చదివి మన నటి ముఖాన్ని అంత పైకి లేపితే బూడిద పూసినట్టు అవుతుంది, వెనక గోడ తెల్లగా కాలిపోతుంది. నల్లటి చర్మానికి వెలుగు పెంచడం కన్నా దాన్ని పెద్దది చెయ్యడం మేలు. నాలుగు బై నాలుగు బదులు ఎనిమిది బై ఎనిమిది ఫ్రేము పెడితే, ఆ తెల్లదనం చెంప ఎముక మీద మెరుపుగా కనిపిస్తుంది. ఎక్స్‌పోజర్ అదే, ముఖం మాత్రం బతుకుతుంది.

ప్రశ్న: ఫ్రెంచి దర్శకుడు జాఁ లూక్ గొదార్ మొదటి సినిమాను ఫొటో స్టూడియోలో వాడే ఫిల్ముతో తీశారని విన్నాను. నిజమా?
– పాఠకుడు, చిక్కడపల్లి

జవాబు: నిజమే. 1960లో వచ్చిన 'ఆ బూ ద సూఫ్ల్'లో వెలుగు తక్కువున్న దృశ్యాల కోసం కుతార్ ఇల్‌ఫర్డ్ హెచ్.పి.ఎస్. వాడాడు. అది స్టిల్ ఫొటోలకు అమ్మే 35 ఎం.ఎం. ఫిల్ము, 400 ఐ.ఎస్.ఓ., డెవలపింగ్‌లో ఇంకో స్టాప్ లాగి 800 చేశారు. చిక్కు ఏమిటంటే అది 17.5 మీటర్ల చుట్టలుగానే దొరికేది. సెకనుకు 24 ఫ్రేముల లెక్కన ఒక్కో చుట్ట 38 సెకన్లకు అయిపోతుంది. అందుకే వాటిని ఒకదానికొకటి అతికించుకున్నారు. ఇంకో చిక్కు, స్టిల్ ఫిల్ము అంచు రంధ్రాలు సినిమా ఫిల్ము రంధ్రాల్లా ఉండవు, చాలా కెమెరాల్లో నడవదు. ఎక్లేర్ కంపెనీ కామెఫ్లెక్స్ మాత్రం దాన్ని మింగింది. ఆ కెమెరా రొద ఎక్కువ కాబట్టి మాటలన్నీ తర్వాత డబ్బింగ్ చెప్పుకున్నారు. అంతకు కొన్నేళ్ల ముందే ఛాయాగ్రాహకుడు ఆన్రి దకాయ్ పారిస్ షాన్‌జెలీజే వీధిలో నటి జాన్ మోరో రాత్రి నడకను దుకాణాల అద్దాల వెలుగుతోనే తీశాడు. కెమెరాను మోసే డాలీ బండికి బదులు పసిపిల్లల తోపుడు బండి వాడారు. కుతార్ ధైర్యానికి పునాది అదే.

ప్రశ్న: మా అమ్మాయికి 22 ఏళ్లు. ఇంజినీరింగ్ అయింది, ఇప్పుడు ఫ్రాన్స్ వెళ్లి కెమెరా నేర్చుకుంటానంటోంది. ఆడపిల్లకు ఆ పని సాగుతుందా? కడుపు నిండుతుందా? దయచేసి దాచకుండా చెప్పండి.
– ఒక తల్లి, తార్నాక

జవాబు: అమ్మా, మొదటి ప్రశ్నకు జవాబు తేలిక. ఆనియెస్ గొదార్, కారొలీన్ షాంప్‌తియే, ఎలెన్ లూవార్, క్లేర్ మాతోఁ వీళ్లందరూ ఫ్రెంచి సినిమాలో పెద్ద పేర్లు, అందరూ ఆడవాళ్లే. 2001లో ఆనియెస్ గొదార్‌కు, 2011లో షాంప్‌తియేకు, 2020లో మాతోఁకు ఛాయాగ్రహణానికి సెజార్ అవార్డు వచ్చింది. లూవార్, మాతోఁ ఇద్దరూ పైన చెప్పిన లూయీ ల్యుమియేర్‌లో చదివినవాళ్లే. అక్కడి ఛాయాగ్రాహకుల సంఘం ఎ.ఎఫ్.సి., 1990లో పెట్టింది, దానికి షాంప్‌తియే అధ్యక్షురాలిగా కూడా చేశారు. మీ అమ్మాయికి ఇంజినీరింగ్ ఉండటం కలిసొస్తుంది. వయసు కూడా చేతిలో ఉంది.

రెండో ప్రశ్నకు దాచకుండానే చెప్తాం. నెలజీతం ఉండదు, సినిమా సినిమాకూ ఒప్పందం. అయితే ఫ్రాన్సులో సినిమా, నాటక పనివాళ్లకు ప్రత్యేకమైన నిరుద్యోగ భృతి ఉంది, ఆంతెర్మితాన్స్ అంటారు. పన్నెండు నెలల్లో 507 గంటలు పనిచేసినట్టు చూపితే, పని లేని రోజులకు భృతి వస్తుంది. రోజుకు ఎనిమిది గంటల లెక్కన ఇది 64 రోజుల షూటింగ్. వినడానికి చిన్నదే. కొత్తగా చేరిన అసిస్టెంటుకు ఆ 64 రోజులు దొరకడమే గగనం. రెండు సినిమాలు, నాలుగైదు యాడ్‌లు కలిస్తే గాని నిండదు. విద్యార్థిగా ఉన్నంతకాలం దాన్ని నమ్ముకోకూడదు. చదువయ్యాక పనిచేసే హక్కున్న రెసిడెన్సీ కార్డు వస్తేనే ఈ లెక్కలన్నీ మొదలు.

ఖర్చు సంగతి: విద్యార్థి వీసాకు నెలకు 615 యూరోలు చూపించాలన్నది చాలాకాలంగా ఉన్న లెక్క. పారిస్‌లో చిన్న గది అద్దెకే అందులో చాలా భాగం పోతుంది, కాబట్టి దాన్ని కనీసంగా తీసుకోండి, సరిపోతుందని అనుకోకండి. ప్రభుత్వ బడి అయితే ఫీజు భారం తక్కువ. ప్రైవేటు సినిమా స్కూళ్లు ఏడాదికి వేల యూరోలు తీసుకుని, ఇంగ్లిషులో పాఠాలు చెప్తామంటాయి. ఇంగ్లిషులో చదివి ఫ్రెంచి సెట్లో పని దొరకదమ్మా. అలాంటి చోట డబ్బు కట్టే ముందు ఒక్కటి అడగండి: నిరుడు బయటికొచ్చిన విద్యార్థులు ఏ సినిమాల్లో, ఏ పనిలో ఉన్నారో పేర్లు చెప్పమనండి.

ప్రశ్న: ఇక్కడ పేరున్న డి.ఓ.పి.లను ఫ్రెంచి నిర్మాతలు నేరుగా ఎందుకు పిలవరు? సంతోష్ శివన్‌కు కాన్ చిత్రోత్సవంలో సత్కారం చేశారు కదా?
– పాఠకుడు, అమీర్‌పేట

జవాబు: 2024లో కాన్‌లో ఆయనకిచ్చింది పియేర్ ఆంజెనియో పురస్కారం. దాన్నిచ్చే ఆంజెనియో లెన్సుల కంపెనీ. వాళ్ల జూమ్ లెన్సులు మన అవుట్‌డోర్ యూనిట్లలోనూ ఉంటాయి. అది చేసిన పనికి గౌరవం. సినిమాకు పిలవడం వేరు, అందులో డబ్బు లెక్క ఉంది. ఫ్రాన్సులో ప్రతి సినిమా టికెట్ మీద 10.72 శాతం పన్ను పోయి, 1946లో పుట్టిన సి.ఎన్.సి. అనే సంస్థకు చేరి, మళ్లీ సినిమాలకే సహాయంగా వస్తుంది. ఆ సహాయం ఎంతన్నది 100 పాయింట్ల పట్టిక తేలుస్తుంది. సినిమా ఫ్రెంచిలో ఉంటే 20 పాయింట్లు. సాంకేతిక నిపుణులు ఫ్రెంచి వాళ్లో ఐరోపా వాళ్లో అయితే వాటికీ పాయింట్లున్నాయి. బయటి నుంచి డి.ఓ.పి.ని తెస్తే నిర్మాతకు ఆ పాయింట్లు పోతాయి. ఫ్రాన్సులో స్థిరనివాస కార్డున్న విదేశీయుణ్ణి మాత్రం ఫ్రెంచివాడి కిందే లెక్కగడతారు. అందుకే చదువుకుని అక్కడే నిలదొక్కుకున్నవాళ్లకు దొరికే పని, ఇక్కడ ఇరవై సినిమాలు చేసినవాళ్లకు దొరకదు.

ప్రశ్న: మా అన్నయ్య మాంట్రియల్‌లో ఉంటాడు. క్యూబెక్ ఫ్రెంచి సినిమాల్లో ప్రయత్నించమంటున్నాడు. ఫ్రాన్స్‌కు, అక్కడికి తేడా ఏమిటి?
– విజువల్ కమ్యూనికేషన్ విద్యార్థి, మాసబ్‌ట్యాంక్

జవాబు: పరిశ్రమ చిన్నది, సంప్రదాయం మాత్రం గట్టిది. చేతి కెమెరాతో మనుషుల మధ్య నడిచే పద్ధతిని క్యూబెక్ ఛాయాగ్రాహకుడు మిషెల్ బ్రో 1960 ప్రాంతంలో అక్కడి నుంచే పారిస్‌కు తీసుకెళ్లాడు. 2014లో ఆంద్రే తుర్పాఁ ఒక సినిమాను దాదాపు మొత్తం చదరపు ఫ్రేములో తీసి కాన్ దాకా వెళ్లాడు. క్యూబెక్ ఫ్రెంచి యాస పారిస్ యాస కాదు. ఇక్కడ క్లాసులో నేర్చుకున్నది మొదటి నెల సగమే అర్థమవుతుంది. సెట్ మీద ఫ్రెంచితో పాటు ఇంగ్లిషు మాటలూ ఎక్కువే. పెద్ద సెట్లలో యూనియన్ సభ్యత్వం కావాలి, దానికి ముందు పర్మిట్ మీద పనిచేసిన రోజులు చూపాలి. అన్నయ్యను ముందుగా ఆ నియమాలు కనుక్కోమనండి.

సాంకేతికంగా రెండు విషయాలు. హైదరాబాద్‌లో, పారిస్‌లో కరెంటు 50 హెర్ట్‌జ్. 24 ఫ్రేములకు షట్టర్ 172.8 డిగ్రీలు పెడితే వీధి దీపాలు, పాత ట్యూబ్‌లైట్లు మినుకుమనవు. మనవాళ్ల చేతికి ఆ అంకె అలవాటైపోయింది. మాంట్రియల్‌లో కరెంటు 60 హెర్ట్‌జ్, 120 వోల్టులు. అక్కడ అదే అంకె పెడితే మినుకు పడుతుంది, 144 డిగ్రీలు పెట్టాలి. కొంచెం వెలుగు తగ్గుతుంది, పావు స్టాప్ చిల్లర. ఎల్.ఇ.డి. బోర్డుల్లో కొన్నిటికి ఇదీ పనిచేయదు, టెస్ట్ తీసే చూసుకోవాలి.

రెండోది చలి. మైనస్ ఇరవైలో బ్యాటరీ మామూలుగా ఇచ్చే సమయంలో సగం ఇస్తే గొప్ప. స్పేర్ బ్యాటరీల్ని కెమెరా బ్యాగులో కాదు, కోటు లోపలి జేబులో పెట్టుకోండి. అసలు నష్టం బయట కన్నా లోపలికి వచ్చాక జరుగుతుంది. గడ్డకట్టిన కెమెరాను వెచ్చటి గదిలోకి తేగానే లెన్సు లోపల, సెన్సర్ ముందు గాజు మీద నీళ్లు పడతాయి. బయట ఉండగానే కెమెరానీ లెన్సుల్నీ విడివిడిగా ప్లాస్టిక్ సంచుల్లో పెట్టి, గాలి పిండేసి, మూతి గట్టిగా కట్టి, అప్పుడు లోపలికి తెచ్చి, కనీసం గంటన్నర తెరవకుండా ఉంచాలి. కార్డు మాత్రం బయటే తీసి జేబులో వేసుకోండి, లేకపోతే డేటా కాపీ చేసే కుర్రాడు ఆ గంటన్నరా ఆగలేక సంచి విప్పేస్తాడు.